గడి లోపలి చూపు: బి. నరసింగరావు సినిమాల్లో తెలంగాణ చరిత్ర

తెలంగాణ గ్రామీణ జీవితాన్ని గురించి చరిత్రకారులకు లభించే ఆధారాల్లో ఒక పెద్ద వెలితి ఉంది. భూమి శిస్తు లెక్కలు, ఫర్మానాలు, ఆంధ్ర మహాసభ తీర్మానాలు, పోరాట నాయకుల ఆత్మకథలు దొరుకుతాయి. గడిలో వాకిలి ఊడ్చిన మనిషి, దొరసాని వెంట పుట్టింటి నుంచి అరణంగా వచ్చిన పిల్ల, దొర గదిలోకి పిలుపు వచ్చినప్పుడు కాదనలేని ఆడది ఆ కాగితాల్లో కనబడరు. కనబడినా సంఖ్యగానో సమస్యగానో కనబడతారు. ఈ వెలితిని తెలుగు నవల కొంత పూరించింది. వట్టికోట ఆళ్వారుస్వామి 'ప్రజల మనిషి', దాశరథి రంగాచార్య 'చిల్లర దేవుళ్ళు' ఆ పని చేసిన రచనలే. సినిమాలో ఆ పనికి పూనుకున్నవారు తక్కువ. వారిలో రచయితగా, దర్శకుడిగా బి. నరసింగరావుది ప్రత్యేక స్థానం. ఆయన గడిని బయటినుంచి చూసిన వ్యక్తి కాదు. భూస్వామ్య కుటుంబంలో పుట్టి, ఆ వ్యవస్థలో నోరులేని మనిషి వైపునుంచి దాన్ని చూడటానికి ప్రయత్నించారు. ఈ ప్రయత్నం ఎక్కడ మొదలై ఎలా మారుతూ వచ్చిందన్నది ఆయన సినిమాలను వరుసగా పరిశీలిస్తే తెలుస్తుంది.

నరసింగరావు 1946 డిసెంబర్ 26న నాటి మెదక్ జిల్లా గజ్వేల్ సమీపంలోని ప్రజ్ఞాపూర్‌లో జన్మించారు. ఈ తేదీకి ఉన్న చారిత్రక సందర్భాన్ని గమనించాలి. అదే ఏడాది జూలై 4న నల్లగొండ జిల్లా కడవెండిలో విసునూరు దేశ్‌ముఖ్ మనుషుల కాల్పుల్లో దొడ్డి కొమరయ్య మరణించాడు. తెలంగాణ రైతాంగం ఆయుధం పట్టడానికి ఆ మరణం నాంది అయింది. 1948 సెప్టెంబర్‌లో సైనిక చర్యతో నిజాం పాలన ముగిసింది. 1951 అక్టోబర్‌లో కమ్యూనిస్టు పార్టీ పోరాటాన్ని విరమించింది. అంటే, ఊహ తెలిసే వయసుకు నరసింగరావు చూసిన గడి అధికారం చట్టరీత్యా సడలిపోతున్న గడి. జాగీర్లు రద్దయ్యాయి, వెట్టి నేరమయింది. అయినా మాట తీరులో, కూర్చునే చోటులో, చెప్పులు విడిచే హద్దులో పాత సంబంధాలు చాలాకాలం నిలిచే ఉన్నాయి. చట్టం పోయిన తరువాత కూడా మిగిలే ఈ శరీర భాషను ఆయన సినిమాలు పట్టుకున్నంత నిశితంగా అప్పటి తెలుగు సినిమాల్లో మరేదీ పట్టుకోలేదు.

ఆయన ముందు చిత్రకారుడు. సినిమాకు రాకముందే చిత్రలేఖనం, సంగీతం, నాటకం, కవిత్వం ఆయన అభ్యాసంలో ఉన్నాయి. 1970 ప్రాంతంలో సికింద్రాబాదుకు ఉత్తరాన ఉన్న అల్వాల్ కేంద్రంగా 'ఆర్ట్ లవర్స్' అనే సాంస్కృతిక సంఘాన్ని నడిపారు. శ్రీకాకుళ ఉద్యమ ప్రభావం, 1969 ప్రత్యేక తెలంగాణ ఉద్యమం మిగిల్చిన నిరాశ కలగలిసిన కాలమది. అప్పటికి బుర్రకథలు చెప్పుకుంటున్న గుమ్మడి విఠల్‌రావు అనే యువకుడు ఈ సంఘంలోకి వచ్చాడు. తరువాతి కాలంలో లోకం అతనిని గద్దర్‌గా ఎరిగింది. 'ఆపర రిక్షా' పాట పుట్టుకకు నరసింగరావు ప్రోత్సాహం కారణమని గద్దర్ చెప్పుకున్నదే. సంఘం కార్యకలాపాలు క్రమంగా జన నాట్యమండలిగా రూపుదిద్దుకున్నాయి. ఆర్ట్ లవర్స్‌ను జన నాట్యమండలికి పూర్వరంగంగా మాత్రమే చూడటం సాహిత్య చరిత్రల్లో పరిపాటి అయింది. ఇది సగం నిజం. ఆ బృందం నుంచి పాట ఒక దారిన వెళ్ళింది. దృశ్యం మరో దారిన వెళ్ళింది. రెండో దారి 'మా భూమి'కి చేరింది.

'మా భూమి' 1979లో నిర్మాణం పూర్తిచేసుకొని 1980 మార్చిలో విడుదలయింది. దర్శకుడు గౌతమ్ ఘోష్ బెంగాలీ. అతనికిది మొదటి కథాచిత్రం. నిర్మాతలు జి. రవీంద్రనాథ్, బి. నరసింగరావు. చిత్రానువాదంలోనూ నరసింగరావు పాలుంది. మూలం కిషన్ చందర్ ఉర్దూ నవల 'జబ్ ఖేత్ జాగే'. ఆ నవలలో కథానాయకుడు రాఘవరావు. ఉరికంబం ఎక్కబోయే ముందు రాత్రి తన జీవితాన్ని నెమరువేసుకుంటాడు. తెలంగాణ పోరాటాన్ని దూరంనుంచి ప్రేమించిన ఒక ఉర్దూ రచయిత ఊహాచిత్రమది. ఆవేశం ఎక్కువ, ఊరి వివరం తక్కువ. నవలకూ సినిమాకూ మధ్య జరిగిన మార్పును పరిశీలిస్తే నరసింగరావు చేతి గుర్తు కనబడుతుంది. రాఘవరావు సినిమాలో రామయ్య అయ్యాడు. అతని ప్రేమ, దొర అధికారం ముందు ఆ ప్రేమకు జరిగిన అవమానం, ఊరు విడిచి హైదరాబాదు చేరడం, కార్మిక లోకంలో రాజకీయ చైతన్యం పొందడం, తిరిగి ఊరికి వచ్చి సంఘంలో చేరడం అనే కథా క్రమానికి మెదక్ జిల్లా పల్లె నేపథ్యం సమకూరింది. మంగళపర్తిలో చిత్రీకరణ జరగడం వల్ల ఆ ఊరి గోడలు, గడి, ఎండ, ప్రజలు అందులో భాగమయ్యారు.

భాష విషయం ఇంకా ముఖ్యం. అంతకుముందు తెలుగు సినిమాలో తెలంగాణ మాండలికం వినబడితే హాస్యగాడి నోటనో రౌడీ నోటనో వినబడేది. 'మా భూమి'లో ఆ భాష ప్రేమించుకునేవారి భాష, ఏడ్చేవారి భాష, తీర్మానాలు చేసే సంఘం భాష అయింది. బండి యాదగిరి రాసిన 'బండెనక బండి కట్టి' పాటను గద్దర్ తెరమీద కనబడి పాడాడు. సుద్దాల హనుమంతు 'పల్లెటూరి పిల్లగాడా' కూడా ఇందులోదే. పోరాట కాలంలో పుట్టి, నిర్బంధం కింద నలిగి, ఆ తరం జ్ఞాపకంలో మాత్రమే మిగిలిన పాటలు ఈ సినిమా ద్వారా తరువాతి తరాలకు అందాయి. మూడు దశాబ్దాల తరువాత ఉస్మానియా ప్రాంగణంలో ధూంధాం వేదికల మీద ఆ పాటలు మళ్ళీ మారుమోగినప్పుడు, పాడిన విద్యార్థుల్లో చాలామందికి అవి 'మా భూమి' పాటలుగానే పరిచయం. ఒక పాట తన మూలాన్ని మరచి సినిమా పేరుతో బతకడం మంచిదా కాదా అన్నది వేరే చర్చ.

రామయ్య పాత్రను ధరించిన సాయిచంద్ ప్రసిద్ధ నవలాకారుడు త్రిపురనేని గోపీచంద్ కుమారుడు. గోపీచంద్ కూడా రచయితగా ఉంటూ సినిమా దర్శకత్వం చేపట్టినవాడే. 1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'రైతుబిడ్డ'కు పనిచేసి, తరువాత 'లక్ష్మమ్మ' వంటి చిత్రాలకు దర్శకత్వం వహించాడు. జమీందారీ వ్యవస్థను విమర్శించిన 'రైతుబిడ్డ'ను నిర్మించిన సారథి సంస్థ వెనుక చల్లపల్లి జమీందారు ఉండటం తెలుగు సినిమా చరిత్రలోని ఒక వింత. కోస్తా జమీందారీల గురించి 1939లోనే సినిమా రాగా, తెలంగాణ దొరతనం తెరకెక్కడానికి మరో నాలుగు దశాబ్దాలు పట్టింది. మద్రాసులో వేళ్ళూనిన పరిశ్రమకు తెలంగాణ పల్లె కథావస్తువుగా తోచకపోవడం ఇందుకు ఒక కారణం. పోరాటంలో పాల్గొన్నవారే అధికారంలోనూ ప్రతిపక్షంలోనూ ఉన్న కాలంలో ఆ కథను ముట్టుకోవడంలోని ఇబ్బంది మరో కారణం కావచ్చు.

'మా భూమి' సమూహం కథ. అందులో బాధ సామూహికం, తిరుగుబాటు సామూహికం. దొర దుర్మార్గం ప్రేక్షకుడికి స్పష్టంగా, సందేహానికి తావులేకుండా తెలుస్తుంది. నరసింగరావు స్వయంగా దర్శకత్వం చేపట్టిన తరువాత ఈ స్పష్టతను కొనసాగించలేదు. 1983లో వచ్చిన 'రంగుల కల' ఒక చిత్రకారుడి కథ. రచన, దర్శకత్వం ఆయనవే. ప్రధాన పాత్రధారి కూడా ఆయనే. ప్రజల బతుకును బొమ్మలుగా గీసే కళాకారుడికి, ఆ బొమ్మలను కొని గోడకు తగిలించుకునే సంపన్నుడికి, బొమ్మలో ఉన్న మనిషికి మధ్య సంబంధం ఏమిటన్నది ఆ చిత్రంలోని ప్రశ్న. భూస్వామ్య కుటుంబంలో పుట్టి ప్రజాకళ వైపు వచ్చిన వ్యక్తి తనను తాను నిలదీసుకున్న సినిమాగా దీన్ని చదవడానికి అవకాశం ఉంది. జాతీయ పురస్కారాల్లో ఇది ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రంగా ఎంపికయింది. శిల్పపరంగా లోపాలు లేకపోలేదు. కొన్ని సన్నివేశాల్లో వాదం పాత్రను మించిపోతుంది. చిత్రకారుడి అంతర్మథనం మాటల్లోకి జారిపోతుంది. అయితే 'మా భూమి' నుంచి 'దాసి'కి వెళ్ళే దారిలో ఈ సినిమా లేకపోతే ఆ ప్రయాణం అర్థం కాదు. ఇతరుల బాధను చిత్రించే హక్కు గురించి ముందుగా తనను ప్రశ్నించుకున్నవాడే తరువాత గడిలోకి కెమెరా తీసుకొని వెళ్ళాడు.

ఈ మధ్యకాలంలో రెండు డాక్యుమెంటరీలు వచ్చాయి. 1985 నాటి 'ది సిటీ' హైదరాబాదు నగరాన్ని గురించినది. 1987 నాటి 'మా ఊరు' తెలంగాణ పల్లెలోని పనులను, వృత్తులను, ఆటపాటలను చూపింది. కథ లేకుండా పనిని చూడటం ఈ చిత్రాల ద్వారా సాధించిన క్రమశిక్షణ. చేతులు ఏం చేస్తున్నాయో, ఎంతసేపు చేస్తున్నాయో ఓపికగా చూపడం 'దాసి'కి పునాది వేసింది.

'దాసి' 1988లో వచ్చింది. కథాకాలం 1920ల నాటి నిజాం రాజ్యం. తెలంగాణ దొరల ఇళ్ళలో ఆడపిల్లకు పెళ్ళి చేసి పంపేటప్పుడు సామాన్లతోపాటు ఒక పనిపిల్లను కూడా పంపే ఆచారం ఉండేది. ఆ పిల్లలను ఆడబాపలనేవారు. దొరసానికి సేవ చేయడంతోపాటు దొర కోరికకూ, వచ్చిపోయే అతిథుల కోరికకూ లోబడి ఉండటం వారి బతుకు. వారికి పెళ్ళి ఉండేది కాదు. పిల్లలు పుడితే ఆ పిల్లలకు తండ్రి పేరు ఉండేది కాదు. 'చిల్లర దేవుళ్ళు'లో వనజ పాత్ర ద్వారా రంగాచార్య ఈ వ్యవస్థను నవలలోకి తెచ్చారు. 'దాసి'లోని కమలాక్షి అలాంటి స్త్రీయే. దొర ఆమెను వాడుకుంటాడు. ఆమె గర్భవతి అవుతుంది. ఆ గర్భం గడికి అవసరం లేదు కనుక తీసివేయిస్తారు. కథగా చెప్పుకుంటే ఇంతకన్నా ఎక్కువ లేదు.

కథ ఇంత చిన్నది కావడంలోనే చరిత్రకు సంబంధించిన నిర్ణయం ఉంది. సినిమాలో ఎక్కువ భాగం కమలాక్షి పనిచేస్తూ ఉంటుంది. నీళ్ళు మోయడం, ఊడ్చడం, వడ్డించడం, కాళ్ళు ఒత్తడం, పిలుపు కోసం గుమ్మం పక్కన నిలబడటం జరుగుతూనే ఉంటాయి. మాటలు చాలా తక్కువ. దొర గది వైపు ఆమె నడిచి వెళ్ళడానికీ వాకిలి ఊడ్వడానికీ మధ్య కెమెరా ప్రత్యేకమైన తేడా చూపదు. రెండూ ఆమెకు పనులే. సాధారణంగా తెలుగు సినిమా అత్యాచారాన్ని ఉత్కంఠ సన్నివేశంగా, సంగీతంతో, ప్రతిఘటనతో చూపుతుంది. దాన్ని గడి దినచర్యలో ఒక భాగంగా చూపడం వల్ల ఆ వ్యవస్థ క్రూరత్వం ఒక దుర్మార్గుడి స్వభావంగా కాక ఇంటి నడవడిగా తెలుస్తుంది. దొరసాని కూడా ఈ నడవడిలో భాగమే. సంతానం, పరువు, భర్త నిర్లక్ష్యం మధ్య ఆమె కూడా నలిగిన మనిషే. అయినా ఆ నలుగుడు ఆమెకు దాసి మీద జాలి కలిగించదు. ఆడవాళ్ళందరినీ ఒకే గాటన కట్టని ఈ చూపు ఆ కాలానికి అరుదైనది.

గర్భస్రావ ఘట్టాన్ని విమర్శకులు కమలాక్షి విషాదానికి పరాకాష్ఠగా వ్యాఖ్యానించడం సహజం. భూస్వామ్య చరిత్ర దృష్టితో చూస్తే అందులో ఇంకొక అంశం ఉంది. గడిలో ఆస్తికి, పేరుకు, వారసత్వానికి లెక్క ఉంటుంది. దాసి కడుపులోని బిడ్డ ఆ లెక్కకు అడ్డు. దొర భూమి మీద రైతు చేసిన శ్రమ ఫలితం రైతుది కానట్టే, దాసి శరీరం మోసిన ఫలితం కూడా ఆమెది కాదు. 'మా భూమి' మొదటి సగం సత్యాన్ని చెప్పింది. 'దాసి' రెండో సగాన్ని పూరించింది. భూమి కోసం జరిగిన పోరాటానికి పాటలు, స్తూపాలు, గ్రంథాలు ఉన్నాయి. ఈ రెండో దోపిడీకి అవేవీ లేవు. అందుకే కాబోలు, నరసింగరావు ఇక్కడ పాటను పక్కనబెట్టి మౌనాన్ని ఆశ్రయించారు.

ఈ పద్ధతి మీద ఒక ఆక్షేపణ తలెత్తవచ్చు. కమలాక్షి తిరగబడదు. ఆమె మనసులో ఏముందో ప్రేక్షకుడికి నోటి మాటగా తెలియదు. భూస్వామ్య వర్గంలో పుట్టిన దర్శకుడు దాసిని మళ్ళీ మూగదాన్ని చేశాడని, ఆమెకు ఉండగల ఎదురుమాటను, వేళాకోళాన్ని, దాసీలు తమలో తాము చెప్పుకునే మాటలను వదిలేశాడని అనడానికి ఆస్కారముంది. ఈ ఆక్షేపణను తేలికగా తోసిపుచ్చలేం. పల్లె స్త్రీల పాటల్లో దొరసానుల మీద, దొరల మీద వ్యంగ్యానికి కొదువలేదు; దానికి 'దాసి'లో చోటు తక్కువే. అయితే 1920లలో మెదక్, నల్లగొండ పల్లెల్లో సంఘం ఇంకా పుట్టలేదు. తొలి ఆంధ్ర మహాసభ మెదక్ జిల్లా జోగిపేటలో జరిగింది 1930లో. కమలాక్షికి రామయ్య నోటి మాటలు ఇచ్చి ఉంటే అది చరిత్రకు అన్యాయమయ్యేది. కాలానికి లేని తిరుగుబాటును పాత్రకు అరువు ఇవ్వకపోవడం ఆయన నిజాయితీ. కాలంలో ఉన్న చిన్న చిన్న ధిక్కారాలను వినకపోవడం ఆయన పరిమితి. ఈ రెంటినీ కలిపి చూసినప్పుడే 'దాసి'ని చారిత్రక ఆధారంగా ఉపయోగించుకోవడానికి వీలవుతుంది.

ఈ చిత్రానికి అయిదు జాతీయ పురస్కారాలు లభించాయి. ఉత్తమ తెలుగు చిత్రం, ఉత్తమ నటి అర్చన, ఛాయాగ్రహణానికి అపూర్వ కిశోర్ బీర్, కళాదర్శకత్వానికి తోట వైకుంఠం, దుస్తుల రూపకల్పనకు సుదర్శన్. ఈ జాబితాలో వైకుంఠం పేరు దగ్గర కాస్త ఆగాలి. కరీంనగర్ జిల్లా బూరుగుపల్లిలో పుట్టిన ఆ చిత్రకారుడి తెలంగాణ స్త్రీలు పెద్ద బొట్టు, ముదురు రంగు చీర, నిండు నగలతో నేడు గోడల మీద, క్యాలెండర్ల మీద తెలంగాణకు ప్రతీకలయ్యారు. అదే చేయి 'దాసి'లో రంగు తగ్గిన గోడలను, ఇత్తడి పాత్రలను, చీకటి గదులను అమర్చింది. ఇద్దరు చిత్రకారులు కలిసి తీసిన సినిమా కనుకనే ఇందులో వస్తువులకు సాక్ష్యం విలువ ఉంది. గడి జీవితంలోని పరికరాలు, వస్త్రధారణ గురించి పరిశోధించేవారు ఈ చిత్రంలోని ప్రతి గదినీ నిలిపి చూడవచ్చు.

1990 నాటి 'మట్టి మనుషులు' గడినుంచి నగరానికి వచ్చింది. పల్లెలో బతుకు సాగక నగరానికి వలస వచ్చి భవన నిర్మాణంలో కూలి చేసుకునే దంపతుల కథ ఇది. మేస్త్రీ, గుత్తేదారు, సారా, అప్పు వారి కాపురాన్ని విడదీస్తాయి. భార్య పాత్రను మళ్ళీ అర్చనే పోషించింది. బాలు మహేంద్ర తమిళంలో తీసిన 'వీడు'లో ఆమెది సొంత ఇల్లు కట్టుకోవడానికి అవస్థపడే మధ్యతరగతి యువతి పాత్ర. మూడేళ్ళ తరువాత ఇక్కడ ఇతరుల ఇళ్ళకు ఇటుకలు మోసే పాత్ర. ఇది కాకతాళీయమే; అయినా రెండు సినిమాలనూ ఒకచోట చూపిస్తే సినిమా విద్యార్థులకు మేలు. ఈ చిత్రం కూడా జాతీయ స్థాయిలో ఉత్తమ తెలుగు చిత్రంగా పురస్కారం పొందింది.

'మట్టి మనుషులు'లో దొర లేడు. గడి లేదు. కూలికి నగదు ముడుతుంది. కాదని వెళ్ళిపోయే స్వేచ్ఛ పేరుకు ఉంది. అయినా కమలాక్షి మోసిన బరువుకూ ఈ కూలి స్త్రీ మోసే బరువుకూ పోలిక ప్రేక్షకుడికి తడుతుంది. వెట్టి రద్దయిన నాలుగు దశాబ్దాలకు తెలంగాణ పల్లె మనిషి ఎక్కడికి చేరాడన్న ప్రశ్నకు నరసింగరావు ఇచ్చిన జవాబు నగరం అంచున వేసిన గుడిసె. హైదరాబాదులో ఇటువంటి అంచులు చాలా ఉన్నాయి. ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణాన్ని ఆనుకొని, తార్నాకకు చేరువలో ఉన్న మాణికేశ్వర్ నగర్‌కు వడ్డెర బస్తీ అనే పేరు నేటికీ వాడుకలో ఉంది. రాయి కొట్టే, మట్టి మోసే కులం పేరది. 1939లో ప్రారంభమైన ఆర్ట్స్ కళాశాల రాతి భవనం వాస్తుశిల్పం గురించి, ఇండో-సారసెనిక్ రీతి గురించి రచనలు ఉన్నాయి. ఆ భవనం రాళ్ళను మలచిన చేతుల గురించి అంత రాయలేదు. 'మట్టి మనుషులు' చూపిన నగరం ఈ బస్తీల వైపునుంచి కనబడే నగరం.

ఆ తరువాత ఆయన నుంచి కథాచిత్రాలు బాగా తగ్గిపోయాయి. 2003లో 'హరివిల్లు' వచ్చింది. కవిత్వం, ఛాయాచిత్రాలు, జానపద కళల సేకరణ వైపు ఎక్కువ కాలం వెచ్చించారు. మార్కెట్ లేని సినిమా ఇక్కడ నిలదొక్కుకోలేకపోవడం ఇందుకు ప్రధాన కారణం. 'మా భూమి'కి ఉదయపు ఆటల్లో దొరికిన ప్రేక్షకాదరణ 'దాసి'కి థియేటర్లలో దొరకలేదు. పురస్కారాల వార్త చదివినవారు ఎక్కువ. సినిమా చూసినవారు తక్కువ. ఫలితంగా తెలుగు విశ్వవిద్యాలయ శాఖల్లో 'చిల్లర దేవుళ్ళు' మీద, 'ప్రజల మనిషి' మీద సిద్ధాంత గ్రంథాలు వెలువడినంతగా ఈ చిత్రాల మీద వెలువడలేదు. సినిమా సాహిత్య శాఖల పరిధిలోనిది కాదనే పాత అభిప్రాయం ఇందుకు కొంత కారణం. చిత్రానువాదాన్ని రచనగా అంగీకరిస్తే ఈ అభిప్రాయం నిలవదు. 'జబ్ ఖేత్ జాగే' నవలనూ 'మా భూమి' చిత్రానువాదాన్నీ పక్కపక్కన పెట్టి, ఉర్దూ నవలలోని ఏ ఘట్టం తెలంగాణ తెలుగులోకి వచ్చేసరికి ఏమయిందో పోల్చి చూడటం ఏ తులనాత్మక సాహిత్య పరిశోధనకూ తీసిపోని పని. వనజను, కమలాక్షిని ఒకే అధ్యయనంలోకి తీసుకొని, నవలలో మాట్లాడిన ఆడబాపకూ సినిమాలో మౌనంగా ఉన్న ఆడబాపకూ మధ్య దూరాన్ని కొలవడం అలాంటి మరో పని. దీనికి మెదక్, నల్లగొండ, కరీంనగర్ పల్లెల్లో గడుల పక్కనే పెరిగిన ముసలివాళ్ళ మాటలు కూడా తోడైతే తప్ప 'దాసి' మౌనంలో చరిత్ర పాలెంతో, దర్శకుడి పాలెంతో తేలదు. ఆ మాటలు చెప్పగలిగిన తరం ఇప్పటికే చాలావరకు గతించింది.